మైకేల్ వీపు

అబిడ్స్,
జూన్ 24.

హెన్రీకి,

నీకు ఫోన్ చేసి చేసి విసుగొచ్చి ఈ ఉత్తరం రాస్తున్నాను. మొన్న నాంపల్లి వెళ్లి మీ చిన్నమ్మ మాబెల్ ఆంటీని పట్టుకుంటే, "ఫోన్ జేస్తె ఎత్తడమ్మా వాడు. కార్డు ముక్క రాస్తె మాత్రం జవాబిస్తడు" అని మెదక్ అడ్రసు చేతిలో పెట్టింది. ఈ కాలంలో ఉత్తరాలు రాయించుకునే దొరవు నువ్వొక్కడివే.

మైకేల్ పోయాక ఆంటీ ఇంట్లో అడుగుపెట్టడం నాకు అదే మొదలు. కొడుకు బేస్ గిటారుకు దుప్పటి కప్పి మంచం మీద పడుకోబెట్టింది. నేను దాని పక్కనే కూర్చుని చాయ్ తాగాను. మీరు ముగ్గురూ ప్రాక్టీసు చేసిన వెనక గది అలాగే ఉంది. గోడలకు పాత పరుపులు, కోడిగుడ్ల అట్టలు. ఫ్యాను లేదు. కిటికీ తెరిస్తే స్టేషన్లో రైలు కూత. బ్యాండుకు 'ఉక్కపోత' అని మైకేల్ పేరు పెట్టింది ఆ గదిలోనే కదా. కాసేపు నిలబడేసరికి ఏడుపొచ్చి బయటికి వచ్చేశాను.

ఇక అసలు సంగతి. మీ మీద నేను తీస్తున్న సినిమా ఎడిటింగు చివరికొచ్చింది. చదువైపోయిన ఏడాది కెమెరా పట్టుకుని మీ వెంట పడ్డదాన్ని, ఇప్పుడు తల నెరుస్తోంది. ఉస్మాన్‌గంజ్ దుకాణంలో మా నాన్న ఇప్పటికీ "మా సంహిత అరుపులోళ్ల ఎంబడి తిరుగుతది" అనే అందరికీ చెప్పుకుంటాడు. మీరు పెళ్లి హాళ్లలో పదిమంది ముందు వాయించిందీ ఉంది, నుమాయిష్ మైదానంలో జనం ఊగిపోతుంటే వాయించిందీ ఉంది. లేనిది ఒక్కటే. అంత పైకొచ్చిన బ్యాండు ఎందుకు ఆగిపోయిందన్నది.

మీ పాటగాడు విజయేందర్ తన మాట చెప్పేశాడు. గిటారు ఒళ్లో పెట్టుకుని, కెమెరా వైపు సూటిగా చూస్తూ చెప్పాడు. "మైకేల్ డెంగీతోని పోయిండు. అది దేవుడు చేసిన పని. కానీ బ్యాండ్‌ను సంపింది హెన్రీగాడు. ఇంకో పోరన్ని తెచ్చుకుందాం, మైకేల్ పేరు మీద వాయిద్దామన్న. వాయించనని ఒక్క ముక్క చెప్పి మెదక్ బస్సెక్కిండు. పిరికోడు." ఆ మాటతో సినిమా అయిపోతుంది. చూసినవాళ్లందరికీ నువ్వు పిరికివాడిగానే మిగిలిపోతావు. నాకది ఇష్టం లేదు హెన్రీ. నీ మాట కూడా కావాలి. కెమెరా తీసుకుని నేనే మెదక్ వస్తాను, ఎప్పుడు రమ్మంటావో చెప్పు.

కోపంగా ఉన్న
సంహిత


మెదక్,
జూలై 9.

సంహితకు వందనాలు.

చిన్నమ్మ నిన్ను కార్డు ముక్క రాయమంటే నువ్వు కోర్టు నోటీసు పంపావు. పోస్ట్‌మ్యాన్ నన్ను అనుమానంగా చూసి మరీ ఇచ్చాడు.

కెమెరా తేవద్దు. నాకు చెప్పుకోవలసింది ఏమీ లేదు. విజయేందర్ అన్నది అన్నట్టు ఉంచు. వాడు నన్ను ఇంతకంటే పెద్ద తిట్లు తిట్టాడు, కెమెరా ఉందని ఈసారి మర్యాద పాటించినట్టున్నాడు. ఫోన్ అంటావా, ఉంది, బల్ల మీద పడి ఉంటుంది. వాట్సాప్ తీసేశాను. ఈ మధ్య ఎవరూ రెండు ముక్కలు రాయడం లేదు, అందరూ వాయిస్ మెసేజులే పెడుతున్నారు. నాకు అది పడదు.

ఇక్కడ మిషన్ స్కూల్లో పిల్లలకు డ్రమ్స్ నేర్పుతున్నాను. ఆగస్టు పదిహేనుకు కవాతు ఉంది. వాళ్ల కొట్టుడుకు కాంపౌండులో కాకులన్నీ లేచిపోతున్నాయి. నేను ఏం పని చేస్తానో మా అమ్మ జీవితంలో మొదటిసారి చర్చిలో తలెత్తుకుని చెబుతోంది. ఇది నాకు చాలు.

ఒక్క కోరిక. మైకేల్ జనానికి వీపు పెట్టి వాయించేవాడని, వాడు సిగ్గరి అని, నువ్వే నవ్వుతూ చెప్పే ముక్క ఒకటి సినిమాలో ఉంది. అప్పట్లో నాకు చూపించావు. అది తీసెయ్యి. ఎందుకని అడగకు. నన్ను పిరికివాడనుకో, ఇంకేమన్నా అనుకో, వాడి వీపు చూసి మాత్రం ఎవరూ నవ్వకూడదు.

ఇక్కడ వాన జాడ లేదు. వీలున్నప్పుడు చిన్నమ్మను చూసి రా.

హెన్రీ


అబిడ్స్,
ఆగస్టు 3.

అయ్యా హెన్రీ గారూ,

తమరు నోరు విప్పరు, నన్ను మాత్రం కత్తెర పట్టమంటారు. బాగుంది న్యాయం. ఆ ముక్క ఎలా తీస్తాను? సినిమా మొత్తంలో మనుషులు హాయిగా నవ్వేది అక్కడే. ముందు జనం గోల చేస్తుంటే మైకేల్ నీవైపు తిరిగి, గోడకు చెప్పుకుంటున్నట్టు వాయించుకుంటాడు. "ఓ అన్నా, జర ఇటు తిరుగు" అని ఎవడో అరుస్తాడు. వాడు తిరగడు. సిగ్గు కాకపోతే ఏంటది? మొదటి కచేరీల్లో మామూలుగానే నిలబడ్డాడు కదా, పేరొచ్చే కొద్దీ సిగ్గు పెరిగిందా?

నా తిప్పలు నాకున్నాయి. మీ చివరి రెండేళ్ల కచేరీల్లో సౌండు కుదరక చస్తున్నాను. డ్రమ్స్ విడిగా రికార్డు చేసేదాన్ని కదా, ప్రతి పాటలోనూ నీ దెబ్బ గిటారు కంటే వెంట్రుకవాసి వెనక పడుతోంది. వింటే తెలియదు. ఎడిటింగు చేసేటప్పుడు కంప్యూటరు తెర మీద రెండింటి శబ్దపు గీతలూ పక్కపక్కన పెడితే తెలుస్తుంది. రికార్డరు పాడైందనుకుని అప్పట్లోనే కొత్తది కొన్నాను. దానిలోనూ అంతే. ఇక చేసేది లేక పాట పాటకూ నీ డ్రమ్స్‌ను ఇంత ముందుకు జరుపుతూ కూర్చుంటున్నాను. ఎండలో బట్టలు సర్దినట్టు ఇదే పని పొద్దంతా.

పాత రికార్డరు జగదీశ్ మార్కెట్‌లో మెకానిక్కుకు ఇచ్చి చూపించాను. "మెషీన్ల ఏం ఖరాబ్ లేదు మేడం" అన్నాడు. మరి ఖరాబు ఎక్కడున్నట్టు? నుమాయిష్ మైదానం కచేరీలో నీ వెనక ఇంకో కెమెరా బిగించాను, గుర్తుందా? నిండా పొగ, నీ వీపు తప్ప ఏమీ పడి ఉండదని దాన్ని ముట్టుకోనేలేదు. ఇక అది కూడా తీసి చూడాలి.

సంహిత


అబిడ్స్,
ఆగస్టు 19.

హెన్రీ,

నీ వెనక పెట్టిన కెమెరాలో ఉన్నది చూశాను.

స్టేజీ మీద వాయించే మైకేల్ ముఖం నేను మొదటిసారి చూశాను. ఇన్నేళ్లూ జనం వైపు నుంచి తీశాను కాబట్టి నాకు వీపే తెలుసు. వాడు సిగ్గుపడడం లేదు. రెప్ప వెయ్యకుండా నిన్నే చూస్తున్నాడు. కుడికాలి మడమ ఎత్తి నేలకు కొడుతున్నాడు. అది పడ్డాక నీ చెయ్యి పడుతోంది. పాట మారేముందు గడ్డం పైకెత్తుతున్నాడు, అప్పుడు నువ్వు మారుతున్నావు. ఒకచోట పొగ వచ్చి వాడి కాళ్లను కప్పేసింది. నీ చేతులు గాల్లో ఆగిపోయాయి. వాడు పొగలోంచి నీ మీదికి వంగి తలతో తాళం చూపిస్తే మళ్లీ అందుకున్నావు. ఆ సమయంలో విజయేందర్ కళ్లు మూసుకుని పాడుతున్నాడు. వాడికేమీ తెలియదు.

రికార్డరు బాగానే ఉంది. ఆ రెండేళ్ల కచేరీల్లో నేను సరిచేస్తూ వచ్చింది నిన్ను.

ఎప్పటి నుంచి వినబడడం లేదు నీకు?

సంహిత


మెదక్,
సెప్టెంబర్ 2.

సంహితా,

నీ ఉత్తరం మూడు రోజులు జేబులో పెట్టుకు తిరిగాను. అడిగావు కాబట్టి చెబుతాను. ఇది నీకొక్కదానికే.

మొదట చెవుల్లో ఈల. కచేరీ అయ్యాక అందరికీ వస్తుంది, పడుకుని లేస్తే పోతుంది. నాది పోలేదు. తర్వాత పిట్టలు పోయాయి. కుక్కరు కూత పోయింది. చర్చిలో ఆడవాళ్ల గొంతులు పోయాయి, పెదాలు మాత్రం కదిలేవి. చాలాకాలం పక్కవాళ్లే గొణుగుతున్నారనుకున్నాను. ముందు కనిపెట్టింది మైకేల్. ఒకరోజు ప్రాక్టీసులో వాడు కావాలని వాయించడం ఆపేస్తే నేను ఆపలేదట. విజయేందర్ ఏదో పని మీద బయటికి పోయి ఉన్నాడు. మైకేల్ వచ్చి నా చేతులు పట్టుకుని ఆపాడు.

హిమాయత్‌నగర్‌లో డాక్టరు దగ్గరికి వాడే తీసుకుపోయాడు. చెవికి మిషను పెట్టుకుంటే కొంత మాట వినబడొచ్చు, పాట రాదు, ఈ వాయింపులు మానకపోతే ఆ కొంత కూడా ఉండదు అన్నాడు డాక్టరు. మెట్లు దిగుతూ మైకేల్ నా ఎదురుగా నిలబడి నెమ్మదిగా చెప్పాడు, పెదాలు చూసి అర్థం చేసుకున్నాను. "అన్నా, నువ్వు నన్ను సూసి కొట్టు. నేను నీ దిక్కే మర్లి ఉంట." పాటలన్నీ వాడి మడమ మీద మళ్లీ నేర్చుకున్నాను. జనం వాణ్ణి ఎగతాళి చేశారు. ఒకసారి నీళ్ల సీసా విసిరితే వీపుకు తగిలింది, తిరగలేదు. తిరిగితే నేను ఆగిపోతాను. ఇప్పుడు చెప్పు, ఆ వీపు చూసి నవ్వొచ్చా?

వాడు పోయాక ఇంకొకణ్ణి తెచ్చుకుందామన్నాడు విజయేందర్. కొత్తగా వచ్చినవాడు నావైపు తిరిగి ఎందుకు వాయిస్తాడు? సంగతి చెప్పి అడగాలి. చెబితే విజయేందర్‌కు తెలుస్తుంది. ఆ చిన్న గదిలో వాడి స్పీకరు ఎప్పుడూ నా ఎడమ చెవి పక్కనే ఉండేది. ఇంకెక్కడ పెడతాడు, చోటేది? "ఇంకా పెంచు" అని అరిచింది నేనే. అయినా వాడు అలా అనుకోడు. హెన్రీ చెవులు నేనే పోగొట్టానని ఆ రోజే గిటారు పక్కన పడేస్తాడు. నాకు వాణ్ణి బాగా తెలుసు. నా మీద కోపం ఉన్నన్నాళ్లూ వాడు పాడతాడు. అందుకే ఆ కోపాన్ని వాడికి వదిలేశాను.

స్కూల్లో కూడా ఎవరికీ తెలియదు. పిల్లల చేతులు చూస్తాను, డ్రమ్ము మీద అరచెయ్యి పెట్టి చూస్తాను, ఎదురుగా నిలబడి మాట్లాడితే పెదాలతో నెట్టుకొస్తాను. తెలిస్తే చెవిటివాడి చేత తాళం ఎవరు నేర్పిస్తారు? చేతికి కర్రలు లేకపోతే నేను ఏ పనికీ రాను సంహితా.

కాబట్టి సినిమాలో పెట్టకు, విజయేందర్‌కు చెప్పకు. నన్ను పిరికివాడిగా ఉండనివ్వు. మాటివ్వు.

హెన్రీ


అబిడ్స్,
అక్టోబర్ 12.

హెన్రీ,

మాట ఇచ్చాను. ఇవ్వకూడదని వారం రోజులు నాతో నేనే కొట్లాడి ఇచ్చాను. నాకు నువ్వు చేసింది మంచిగా అనిపించడం లేదు, ఆ సంగతి కూడా రాసి పెడుతున్నాను.

సిగ్గరి అన్న ముక్క తీసేశాను. దాని స్థానంలో మైకేల్ ముఖం పెట్టాను. ముఖం మాత్రమే, కాలు కనబడదు, నేను ఒక్క మాటా అనను. నిన్న లక్డీకాపూల్‌లో చిన్న హాలు మాట్లాడుకుని, బయటికి వదిలేముందు తెలిసినవాళ్లకు చూపించాను. మాబెల్ ఆంటీ ముందు వరసలో కూర్చుంది. కొడుకు ముఖం తెర మీదికి వచ్చేసరికి నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. చివర్లో విజయేందర్ నిన్ను పిరికోడన్నప్పుడు వెనక ఎవరో చప్పట్లు కొట్టారు. నాకు లేచి వాళ్లను చాచిపెట్టి కొట్టాలనిపించింది. చీకట్లో కూర్చుని నీకిచ్చిన మాటను తిట్టుకున్నాను.

చప్పట్లు కొట్టనిది విజయేందర్ ఒక్కడే. దీపాలు వేశాక నా దగ్గరికి వచ్చి, "మైకేల్ వాణ్ణి గట్ల సూస్తుండెనా? నాకెప్పుడు కనవడలే" అన్నాడు. ఆంటీ పక్కన కూర్చుని ఏదో మాట్లాడి, నాకు చెప్పకుండా వెళ్లిపోయాడు.

నువ్వు ఎలా ఉన్నావు? చెవులు ఎలా ఉన్నాయని అడగాలంటే చెయ్యి రావడం లేదు.

సంహిత


మెదక్,
నవంబర్ 6.

సంహితా,

ఒక సంగతి జరిగింది. నువ్వు వెంటనే జవాబు రాయాలి.

శనివారం స్కూలు వదిలాక బస్టాండు మీదుగా ఇంటికి నడిచి వచ్చాను. మామూలుగానే తల వంచుకుని వచ్చాను. ఇవాళ అక్కడ చాయ్ కొట్టు మొగులయ్య నన్ను ఆపి, ఎదురుగా నిలబడి అడిగాడు. "సారూ, మీరు మంచోళ్లనుకున్న. ఎవరితోనన్న కొట్లాట ఉంటె ఉండొచ్చు. కని గట్ల చేస్తరా?" నాకేమీ అర్థం కాలేదు. ఆ రోజు హైదరాబాదు బస్సు దిగిన మనిషి ఎవరో నన్ను చూసి పేరు పెట్టి పిలిచాడట. నేను పోతుంటే నా వెనకే వచ్చాడట. "హెన్రీ, హెన్రీ అని మొత్తుకున్నడు సారూ. చర్చి గేటు దాక వచ్చిండు. మాఫ్ చెయ్యిరా అని ఏడ్సిండు. మీరు ఒక్కసారన్న మర్లి సూడలే." తర్వాత ఆ మనిషి వచ్చి కొట్టు ముందు కూలబడి, చాయ్ ఇస్తే తాగకుండా, వచ్చిన దారినే బస్సెక్కి పోయాడట.

గడ్డం ఉందన్నాడు. మోచేతి దాకా పచ్చబొట్టు ఉందన్నాడు.

కాదని రాయి. ఇంకెవరో అని రాయి.

హెన్రీ


అబిడ్స్,
నవంబర్ 11.

హెన్రీ,

విజయేందరే.

ఆదివారం నా గదికి వచ్చాడు. మనిషి వారం రోజులు జ్వరపడి లేచినట్టున్నాడు. కుర్చీలో కూర్చుని నేల చూస్తూ చెప్పాడు. "సినిమాల మైకేల్ మొకం సూసినంక నా కోపం పోయింది సంహితా. వాడు గంత ఇష్టపడ్డోణ్ణి నేను పిరికోడన్న. మాఫీ అడుగుదామని మెదక్ పోయిన. సడక్ మీద అందరు సూస్తుంటె పిలిచిన. అడుగు గూడ తప్పలే వాడు, అట్లనే పోయిండు. గింత పగ ఉంటదా మనిషికి? మేం ముగ్గురం ఒక్క పళ్లెంల తిన్నోళ్లం."

నేను ఏం చేశానో తెలుసా? చాయ్ పోశాను. చెప్పడానికి నోరు తెరిచాను, నీ ఉత్తరం కళ్ల ముందు కనబడింది, మూసుకున్నాను. వాడు లేస్తూ, "నా మాట సినిమాల అట్లనే ఉంచు. వాడు పిరికోడు గాదు, రాయి. గట్లనే వేసుకో" అన్నాడు. తలుపు దగ్గర ఆగి, గిటారు పెట్టెలో పెట్టేశానని, మళ్లీ తీయనని చెప్పాడు. వాడు పాడాలనే కదా నువ్వు ఇదంతా దాచింది? ఇప్పుడు పాటా లేదు, నువ్వూ లేవు వాడికి.

నీ మాట నిలబెట్టాను హెన్రీ. నా బతుకులో ఇంత నీచంగా ఎప్పుడూ అనిపించలేదు. మైకేల్ ముఖం పెట్టింది నేను, దాన్ని చూసి వాడు నీ దగ్గరికి పరిగెత్తాడు, అలా దెబ్బ తిని వస్తే నేను చూస్తూ కూర్చున్నాను. ఇక నా వల్ల కాదు. నన్ను ఈ మాట నుంచి విడిపించు. సినిమాలో పెట్టమని అడగడం లేదు. వాడొక్కడికి చెప్పనివ్వు.

సంహిత


మెదక్,
డిసెంబర్ 1.

సంహితా,

జవాబు ఆలస్యమైంది. ముందు ఇక్కడ చెయ్యవలసింది చేసి రాద్దామని ఆగాను.

నువ్వు రాసింది చదివాక రెండు రోజులు బడికి పోలేదు. వాడు నా వెనక ఏడుస్తూ వస్తున్నప్పుడు నేను ఏం చేస్తున్నానా అని ఆలోచించాను. ఇంట్లోకి ఉల్లిగడ్డలు కొనాలని అనుకుంటూ నడుస్తున్నాను.

హెడ్‌మాస్టరు గారికి నేనే వెళ్లి చెప్పాను. మంచి మనిషి, చాలా బాధపడ్డాడు. నాకు తెలియాలని ప్రతి మాటా కాగితం మీద రాసి చూపించాడు, వద్దన్నా వినలేదు. డ్రమ్స్ క్లాసు జనవరి నుంచి వేరేవాళ్లకు ఇస్తారు. నాకు లైబ్రరీ అప్పగించారు. నిశ్శబ్దంగా ఉండే చోటని ఆయన ఉద్దేశం. పిల్లలకు చెబితే ఒక అమ్మాయి నా చేతిలోంచి కర్రలు తీసుకుని, తుడిచి, బీరువాలో పెట్టింది. బడి ముందు అరుగు మీద కూర్చుని చాలాకాలం తర్వాత ఏడ్చాను. కుడి చెవి కూడా దసరా నాటికే పూర్తిగా పోయింది, నీకు రాయలేదు.

సినిమాలో పెట్టు. మడమ చూపించు, పొగ చూపించు, ఆగిపోయిన నా చేతులు చూపించు. నువ్వు సరిచేసిన చోటల్లా మళ్లీ ముందు ఎలా ఉందో అలాగే పెట్టెయ్యి. కానీ విజయేందర్ దాన్ని హాల్లో పదిమంది మధ్య చూడకూడదు. ముందు నువ్వు వాడి ఇంటికి వెళ్లి చెప్పు. స్పీకరు వల్లేనా అని అడుగుతాడు. అవుననకు, కాదనకు. ఆ జవాబు నేను చెప్పాలి.

నేనే హైదరాబాదు వద్దామనుకున్నాను. వెనక నుంచి వచ్చే బండి తెలియక మొన్న ఇక్కడే దాని కింద పడబోయాను, మా అమ్మ వదలడం లేదు. అందుకని వాణ్ణే ఇంకొక్కసారి మెదక్ రమ్మను.

ఈసారి ఎదురుగా రమ్మను.

హెన్రీ